అన్ని రకాలూ రాసి నిలబడ్డ రచయిత: షినోబు హషిమోతో

మీ ప్రశ్న సారాంశం ఇది: క్రైమ్ సిరీస్ ఒకటి రాశారు. ఇప్పుడు ఒక నిర్మాత పీరియడ్ సినిమా రాయమంటున్నారు, టీవీ వాళ్లు ఫ్యామిలీ డ్రామా అడుగుతున్నారు. ఏదో ఒక జానర్‌ని పట్టుకుని ఉండకపోతే పేరు రాదని చుట్టూ ఉన్నవాళ్లు భయపెడుతున్నారు. జపాన్ సినిమాల్లో అన్నీ రాసి నిలబడ్డవాళ్లు ఎవరైనా ఉన్నారా, ఉంటే వాళ్ల సినిమాలు ఏ వరసలో చూడాలి అని అడిగారు.

ఉన్నారు. షినోబు హషిమోతో. 1918లో పుట్టి, 2018లో నూరేళ్లు నిండాక పోయారు. ఆయన రాసిన మొదటి సినిమా 'రషోమోన్'. 'ఇకిరు', 'సెవెన్ సమురాయ్' రాసిన ముగ్గురిలో ఒకరు. ఈ మూడూ తీసిన దర్శకుడు అకిరా కురొసావా. అంతవరకే అయితే "కురొసావా దగ్గర రచయిత" అనుకుని వదిలేయొచ్చు. కానీ నడుస్తున్న హత్య కేసు మీద కోర్టు సినిమా, దేశమంతా మాట్లాడుకున్న టీవీ నాటకం, పోలీసు కథలు, ఆస్పత్రి రాజకీయాలు, మంచు తుఫానులో చిక్కుకున్న సైన్యం, చివరికి జపాన్ మొత్తం సముద్రంలో మునిగిపోయే కథ కూడా ఆయన చేతి మీదుగానే వెళ్లాయి. కథా చర్చల్లో ఏళ్లుగా కూర్చుంటున్నవాడిగా చెబుతున్నాను, ఈయన కెరీర్‌ని దగ్గర్నుంచి చూస్తే మీ టెన్షన్ సగం తగ్గుతుంది. మిగతా సగం ఎందుకు తగ్గదో కూడా చెబుతాను.

ఆయన రచయిత అయిన తీరే విచిత్రం. 1938లో సైన్యంలో చేరగానే క్షయ అని తేలింది. ఒకయామాలోని సైనికుల శానటోరియంలో పడేశారు, నాలుగేళ్లు అక్కడే. పక్క మంచం మీద ఉన్న రోగి కాలక్షేపానికి ఒక సినిమా పత్రిక ఇచ్చాడు. అందులో స్క్రిప్టు అచ్చేశారు. చదివి, "సినిమా రాయడం అంటే ఇంతేనా, ఇంతకంటే బాగా నేనే రాస్తానే" అనుకున్నారట. జపాన్‌లో అందరికంటే గొప్ప స్క్రిప్టు రచయిత ఎవరని అడిగితే మన్సాకు ఇతామి పేరు చెప్పారు. శానటోరియం జీవితం మీదే ఒక స్క్రిప్టు రాసి ఆయనకి పోస్టులో పంపేశారు. అప్పటికి ఇతామి కూడా అదే జబ్బుతో మంచాన ఉన్నారు. జవాబు రాశారు, తప్పులు ఎత్తి చూపారు. అలా శిష్యరికం మొదలైంది. హషిమోతో ఒక కంపెనీలో లెక్కలు రాసే ఉద్యోగం చేస్తూ, ఆఫీసుకి వెళ్లే రైల్లో స్క్రిప్టులు రాసుకునేవారు. రాసినది గురువుగారికి పంపడం, తిట్లు తినడం, మళ్లీ రాయడం.

ఈ గురుశిష్యుల మధ్య జరిగిన ఒక సంభాషణ మీ ప్రశ్నకి సూటిగా తగులుతుంది. వేరేవాళ్ల కథని స్క్రిప్టుగా మార్చేటప్పుడు నువ్వేం చేస్తావని ఇతామి అడిగారు. హషిమోతో జవాబు వింటే మనవాళ్లకి కొంచెం ఒళ్లు జలదరిస్తుంది: దొడ్లో ఒక ఆవు ఉంది, తప్పించుకోలేదు. రోజూ వెళ్లి చూస్తాను, వానొచ్చినా ఎండకొట్టినా చుట్టూ తిరిగి చూస్తాను. ప్రాణం ఎక్కడుందో తెలిశాక ఒక్క దెబ్బకి పడగొట్టి, కారిన రక్తాన్ని బకెట్లో పట్టుకుంటాను. నాకు కావలసింది రక్తమే, ఆవు ఆకారంతో నాకు పని లేదు. ఇతామి కాసేపు ఆగి, నువ్వన్నది నిజమే కావచ్చు, కానీ చంపకుండా దానితో పాటు మనమూ చావాల్సిన కథలు కూడా కొన్ని ఉంటాయి అన్నారట. ఈ సంగతి హషిమోతో 2006లో వచ్చిన తన జ్ఞాపకాల పుస్తకంలో రాసుకున్నారు.

నా దృష్టిలో ఆయన కెరీర్ మొత్తం ఈ రెండు మాటల మధ్యే నడిచింది. ఏ జానర్ అన్నది ఆయనకి లెక్క కాదు. చేతికొచ్చిన కథలో ప్రాణం ఎక్కడుందో వెతకడం, మిగతాది మొహమాటం లేకుండా వదిలేయడం. పని ఎప్పుడూ అదే, సరుకే మారుతూ ఉంటుంది.

1946లో ఇతామి పోయారు. తర్వాత హషిమోతో ర్యూనొసుకే అకుతగావా కథ ఒకటి తీసుకుని, ఒకే హత్యని ఒక్కొక్కరు ఒక్కోలా చెప్పే స్క్రిప్టు రాశారు. అది చేతులు మారి కురొసావా దగ్గరికి చేరింది. ఆయన పిలిపించి, బాగుంది కానీ చిన్నదిగా ఉంది అన్నారు. అక్కడికక్కడ హషిమోతో నోటికొచ్చినది, అదే రచయిత ఇంకో కథ 'రషోమోన్' కలిపితే ఎలా ఉంటుంది అని. ఇంటికెళ్లి రాసింది ఆయనకే నచ్చలేదు, మధ్యలో నడుము నొప్పితో మంచాన పడ్డారు. కురొసావా తిరగరాసి పూర్తిచేశారు. 1950లో సినిమా వచ్చింది, మరుసటి ఏడాది వెనిస్‌లో గోల్డెన్ లయన్ తెచ్చింది. మన దక్షిణాదిలో కూడా దాని జాడ ఉంది. 1954లో వచ్చిన తమిళ 'అంద నాళ్' దాన్నుంచి స్ఫూర్తి పొందిందే, 'పోతురాజు'గా తెలుగులోకి వచ్చిన 'విరుమాండి'లో కూడా అదే పద్ధతి కనిపిస్తుంది.

'సెవెన్ సమురాయ్' పుట్టిన తీరు కొంచెం వివరంగా చెప్పాలి. మొదట అనుకున్న కథ అది కానే కాదు. ఒక సమురాయ్ జీవితంలో ఒక్క రోజు: ఉదయం లేస్తాడు, కోటకి డ్యూటీకి వెళ్తాడు, చిన్న పొరపాటు చేస్తాడు, సాయంత్రం ఇంటికొచ్చి కడుపు కోసుకుని చనిపోతాడు. హషిమోతో లైబ్రరీలో నెలల తరబడి కూర్చున్నారు. ఒక్క చోట బండి ఆగిపోయింది. మధ్యాహ్నం కోటలో ఇద్దరు స్నేహితులు కలిసి భోజనం చేసే సీన్ కావాలి. ఆ కాలంలో వాళ్లు ఇంటి నుంచి క్యారేజీ తెచ్చుకునేవారా, కోటలోనే పెట్టేవారా? అసలు మధ్యాహ్నం తినేవారా, లేక రోజుకి రెండు పూటలేనా? ఎక్కడా ఆధారం దొరకలేదు. దొరక్కపోయేసరికి ఈ కథ రాయలేను అని వెళ్లి చెప్పేశారు. కురొసావా మండిపడ్డారు. మన కథా చర్చల సిట్టింగ్‌లో అయితే "ఎవరు చూస్తారండీ, ఓ పళ్లెం పెట్టేయండి" అని ఎవరో ఒకరు అనేవారు, నేనూ అని ఉండేవాణ్ణి. ఆయన మాత్రం ఒక్క భోజనం దగ్గర సినిమానే వదిలేశారు.

రెండో ప్రయత్నంగా పేరుపొందిన కత్తివీరుల జీవితాలు వరసగా రాస్తే, అన్నీ క్లైమాక్సులే అయిపోయి సినిమా నిలబడలేదు. ఆ చర్చల్లో ఒక ప్రశ్న వచ్చింది: యుద్ధవిద్య నేర్చుకుంటూ దేశమంతా తిరిగే సమురాయ్‌లకి తిండి ఎలా దొరికేది? రాత్రి కాపలా కాస్తే ఊరివాళ్లు అన్నం పెట్టేవారని తెలిసింది. అంటే ఊరివాళ్లే సమురాయ్‌లని పనిలో పెట్టుకునేవారన్నమాట. కథ అక్కడ దొరికింది. గమనించారా, మొదటి కథ భోజనం దగ్గర ఆగిపోతే రెండోది భోజనం దగ్గరే పుట్టింది.

అటామీలోని ఒక సత్రంలో ముగ్గురూ మకాం పెట్టి రాశారు. కురొసావా, హషిమోతో ఒకే సీన్ ఎవరికి వాళ్లు రాసేవారు. మూడో ఆయన హిదెయో ఒగుని పెన్ను ముట్టుకునేవారు కాదు. రాసినవి చదివి ఇది ఔను, ఇది కాదు అనడమే ఆయన పని. 'ఇకిరు' అప్పుడు కూడా అంతే. ఇంకో 75 రోజులే బతికే మనిషి కథ అని కురొసావా ఒక్క ముక్క ఇస్తే హషిమోతో మొదటి డ్రాఫ్టు రాశారు. తర్వాత ముగ్గురూ కూర్చునేసరికి ఒగుని ఆలస్యంగా వచ్చి, అప్పటికి రాసినది చదివి, హీరో సగంలో చనిపోవాలి అన్నారు. కురొసావా కోపంతో రాసిన కాగితాలన్నీ చింపేశారట. కానీ సినిమా ఆ మాట ప్రకారమే నడిచింది. హీరో పోయాక అతని ఇంట్లో కూర్చుని తాగుతూ ఆఫీసు వాళ్లు మాట్లాడుకునే ఆ పొడుగాటి భాగమే లేకపోతే 'ఇకిరు' ఒక మంచి సినిమాగా మిగిలేది, అంతే.

ఒగుని పేరు గుర్తుంచుకోండి, మళ్లీ అవసరం పడుతుంది.

హషిమోతో అభిప్రాయం ఒకటి ఇండస్ట్రీలో ఉన్నవాళ్లందరూ వినాల్సింది. ఈ మూడు సినిమాలకీ ముందు ఒకరు కూర్చుని మొదటి డ్రాఫ్టు రాశారు, తర్వాతే అందరూ కలిశారు. ఆ తర్వాత కురొసావా బృందం మొదటి డ్రాఫ్టు మానేసి, అందరూ ఒకేసారి కూర్చుని నేరుగా ఫైనల్ రాయడం మొదలుపెట్టింది. పట్టు తప్పింది అక్కడే అని ఆయన తేల్చి చెప్పారు. ఆ తర్వాత వచ్చిన కురొసావా సినిమా 'త్రోన్ ఆఫ్ బ్లడ్' విషయంలో నేను ఒప్పుకోను కానీ, ఆయన ఉద్దేశం అర్థమవుతుంది. ఎనిమిది మంది కూర్చుని వన్‌లైన్ నుంచి డైలాగ్ దాకా గాల్లోనే కట్టే సిట్టింగ్‌లు మనకి కొత్త కాదు కదా.

కురొసావా బయట ఆయన ఏం చేశారన్నదే మీకు అసలు అవసరం. 1956లో తదాషి ఇమాయి తీసిన 'డార్క్‌నెస్ ఎట్ నూన్'. యమగుచిలో 1951లో జరిగిన హత్య. చేసినవాడు ఒక్కడే, ఉరి తప్పించుకోవడానికి తోటివాళ్ల పేర్లు చెప్పేశాడు. సినిమా వచ్చేనాటికి కేసు ఇంకా సుప్రీంకోర్టులో ఉంది. అక్కడ హషిమోతో చేసిన పని చూడండి: పోలీసుల కథనం నిజమైతే ఐదుగురు కలిసి అంత కొద్ది సమయంలో ఏమేం చేసి ఉండాలో అదంతా చేయించి చూపిస్తారు. ఉరుకులు పరుగులు, నవ్వొస్తుంది. లాయరు గంటసేపు వాదించినా రాని నమ్మకం ఆ నవ్వుతో వచ్చేస్తుంది. "ఇంకా సుప్రీంకోర్టు ఉంది!" అన్న అరుపుతో సినిమా ముగుస్తుంది. ఇరికించబడ్డవాళ్లు నిర్దోషులని తుది తీర్పు రావడానికి 1968 దాకా పట్టింది.

ఇక టీవీ. 1958 అక్టోబరు 31న, ఇప్పటి టీబీఎస్ అయిన చానెల్‌లో 'నేను గవ్వనవ్వాలి' ప్రసారమైంది. అప్పటికి జపాన్‌లో టీవీ నాటకాలంటే ఎక్కువగా లైవే, వీడియో టేపు అప్పుడప్పుడే వస్తోంది. సినిమావాళ్లకి టీవీ అంటే చులకన. హషిమోతో ఏమీ తగ్గించుకోలేదు. కథ ఒక పల్లె మంగలిది. సైన్యంలోకి లాక్కెళ్తారు. పట్టుబడ్డ అమెరికన్ వైమానికుణ్ణి పొడవమని పైఅధికారి హుకుం. వణుకుతూ పొడిస్తే తుపాకీ కొసన ఉన్న కత్తి వైమానికుడి చేతికి మాత్రం తగులుతుంది. యుద్ధం అయిపోయాక భార్యాబిడ్డలతో మళ్లీ దుకాణం పెట్టుకుంటే, యుద్ధ నేరస్థుడంటూ వచ్చి పట్టుకెళ్లి ఉరిశిక్ష వేస్తారు. హాస్యనటుడిగా జనానికి తెలిసిన ఫ్రాంకీ సకాయి ఆ పాత్ర వేశారు. చివరి ఉత్తరంలో అతను, మళ్లీ పుడితే మనిషిగా వద్దు, ఆవుగానో గుర్రంగానో పుట్టినా మనుషులు బతకనివ్వరు, లోతైన సముద్రం అడుగున రాయికి కరుచుకున్న గవ్వనవుతాను అంటాడు.

ఆ ఉత్తరంలోని ఆలోచన హషిమోతోది కాదు. నిజంగా యుద్ధ నేరస్థుడిగా జైల్లో ఉన్న తెత్సుతారో కాతో రాసినది. పేరు వేయలేదని గొడవ అయింది, తర్వాత పేరు చేర్చారు. ఎంత పెద్ద రచయితైనా క్రెడిట్ విషయంలో నిర్లక్ష్యం నిర్లక్ష్యమే, దీన్ని వెనకేసుకురాను. మరుసటి ఏడాది దీన్నే సినిమాగా తీసి హషిమోతో దర్శకుడయ్యారు. 2008లో మళ్లీ తీసినప్పుడు తొంభై ఏళ్ల వయసులో స్క్రిప్టు తిరగరాశారు.

1962లో మసాకి కొబయాషి తీసిన 'హరాకిరి' కూడా ఈయనదే. గుమ్మం ముందుకొచ్చి, మీ వాకిట్లో కడుపు కోసుకుంటాను అనుమతివ్వండి అంటాడు ఒక నిరుద్యోగ సమురాయ్. మధ్యాహ్నం భోజనం దగ్గర ఆగిపోయిన పాత కథలోని ఆ చావే పదేళ్ల తర్వాత ఈ రూపంలో బయటికొచ్చిందని నా ఊహ. ఇద్దరు మనుషులు ఎదురెదురుగా కూర్చుని మాట్లాడుకుంటుంటే థ్రిల్లర్ ఎలా నడపాలో నేర్చుకోవాలంటే ఇంతకంటే మంచి పాఠం నాకు తెలియదు. కాన్‌లో 1963లో జ్యూరీ ప్రత్యేక బహుమతి వచ్చింది.

ఆయన పనితనం అంతా ఒకేచోట చూడాలంటే మాత్రం 1974 నాటి 'క్యాసిల్ ఆఫ్ శాండ్'. సెయిచో మత్సుమోతో పత్రికలో రాసిన డిటెక్టివ్ సీరియల్ నవల. రైల్వే యార్డులో శవం, గుర్తు తెలియదు, ఇద్దరు పోలీసులు దేశమంతా తిరుగుతారు. నవలలో హంతకుడు ప్రయోగాత్మక సంగీతకారుడు, శబ్ద తరంగాలతో హత్యలు చేసే వ్యవహారం కూడా ఉంది. హషిమోతో అదంతా తీసి పారేశారు. ఆయనకి పనికొచ్చింది ఒక్క వాక్యం. కుష్ఠు వ్యాధి వచ్చిన తండ్రి, చిన్న కొడుకు, ఊరు వెలివేస్తే అడుక్కుంటూ దేశాలు పట్టి తిరిగారు. ఆ ప్రయాణం ఎలా సాగిందో వాళ్లిద్దరికి తప్ప ఎవరికీ తెలియదు అని నవలాకారుడు ఒక్క ముక్కలో దాటేశారు. రచయిత దాటేసిన ఆ చోటే ప్రాణం ఉందని ఈయన పట్టుకున్నారు.

సినిమా చివరి భాగం మొత్తం అదే. ఒక పక్క పోలీసుల మీటింగ్‌లో డిటెక్టివ్ కేసు వివరిస్తుంటాడు. ఇంకో పక్క హాల్లో హంతకుడు పియానో దగ్గర కూర్చుని తన కొత్త సంగీతం వినిపిస్తుంటాడు. ఈ రెంటి మధ్య ఆ తండ్రీకొడుకులు మంచులో, సముద్రపు ఒడ్డున, పూసిన చెట్ల కింద నడుస్తూనే ఉంటారు. ఊరి పిల్లలు రాళ్లు వేస్తారు, పోలీసు తరుముతాడు. డైలాగు దాదాపు ఉండదు. నవలలో ఆ తండ్రి అప్పటికే చనిపోయాడు, ఈయన బతికించారు. డిటెక్టివ్ వెళ్లి ఎదిగిన కొడుకు ఫొటో చూపిస్తే, ముసలాయన ఒళ్లంతా వణికిపోతూ, ఇలాంటివాణ్ణి నేను ఎరగను అని ఏడుస్తాడు. గుర్తుపట్టాడని మనకి తెలుస్తూనే ఉంటుంది. కొడుకుని కాపాడుకోవడానికి తండ్రి దగ్గర మిగిలింది ఆ అబద్ధం ఒక్కటే.

సీరియల్ అచ్చయిన రోజుల్లోనే మొదలైన ఆలోచన ఇది. స్టూడియో ఒప్పుకోలేదు. చివరికి 1973లో సొంత నిర్మాణ సంస్థ పెట్టుకున్నాకే తెర మీదికొచ్చింది. దర్శకుడు యోషితారో నొమురా, సహ రచయిత యోజి యమదా. సంగీత పర్యవేక్షణ యసుషి అకుతగావాది, 'రషోమోన్' కథలు రాసిన అకుతగావా కొడుకే. రోగుల సంఘం అభ్యంతరం చెబితే, ఈ జబ్బు ఇప్పుడు నయమవుతుందన్న మాట సినిమా చివర వేశారు. 1977లో వచ్చిన 'మౌంట్ హక్కోద' కూడా అదే సంస్థది. 1902లో మంచుకొండలో 210 మంది సైనికుల్లో 199 మంది చనిపోయిన నిజ సంఘటన. ఆ ఏడాది జపాన్ సినిమాల్లో వసూళ్లలో అదే మొదటిది.

ఇప్పుడు తగ్గని సగం టెన్షన్ దగ్గరికొస్తాను. రెండు పెద్ద హిట్లు, సొంత సంస్థ, అడ్డు చెప్పేవాడు లేడు. 1982లో తోహో స్టూడియో 50 ఏళ్ల పండగ సినిమాగా 'లేక్ ఆఫ్ ఇల్యూజన్స్' సొంత కథతో, సొంత దర్శకత్వంలో తీశారు. బివా సరస్సు దగ్గర స్నానశాలలో ఒళ్లమ్ముకునే అమ్మాయి, ఆమెకి పరిగెత్తడం ఇష్టం, ఒక కుక్క. ఆ కుక్కని ఎవరో చంపేస్తారు. చంపినవాడు పేరున్న సంగీతకారుడని తెలుసుకుని వంటకత్తి పట్టుకుని వెంటపడుతుంది. మధ్యలో నాలుగు శతాబ్దాల వెనక్కి వెళ్లొస్తాం. చివరి పరుగులో వాణ్ణి దాటేసి, గెలిచాననే సంతోషం ముందు తీర్చుకుని, ఆ తర్వాత పొడుస్తుంది. అక్కడితో అయిపోలేదు, సినిమా అంతరిక్షంలోకి వెళ్తుంది, సరస్సుకి పైన ఆకాశంలో ఒక పిల్లనగ్రోవి వదిలేస్తారు. 164 నిమిషాలు. థియేటర్ల నుంచి త్వరగా తీసేశారు. ఇప్పుడు దాన్ని వెతుక్కుని చూసి మురిసిపోయే బృందం ఒకటుంది, అది వేరే సంగతి. ఆ తర్వాత ఆయన రాసింది బాగా తక్కువ.

దీన్ని చాలామంది "జానర్లన్నీ కలిపేశాడు, దెబ్బతిన్నాడు" అని చదువుతారు. నేను అలా చదవను. ఈ సినిమాకి చుట్టూ తిరిగి చూడటానికి బయటి కథ లేదు, 'ఇది కాదు' అనడానికి ఒగుని లేరు. కురొసావాతో ఉన్నప్పుడు ఒగుని, తొలిరోజుల్లో ఇతామి, తర్వాత కథలిచ్చిన నవలాకారులు, ఎవరో ఒకరు ఎదురుగా ఉన్నంతకాలం ఆయన ఏ రకం కథనైనా లాగారు. కాబట్టి పీరియడ్ సినిమా ఒప్పుకోండి, టీవీ కూడా ఒప్పుకోండి. కానీ ఒప్పుకునే ముందు ఆ నిర్మాతని రెండు అడగండి: మొదటి డ్రాఫ్టు మీరు ఒంటరిగా రాసుకోవడానికి టైమ్ ఇస్తారా, రాశాక చదివి మొహం మీద బాగాలేదని చెప్పగల మనిషి ఆ టీమ్‌లో ఎవరు. రెండోదానికి జవాబు "మనమందరం ఉన్నాం కదా" అయితే, ఆ మనిషిని మీరే తెచ్చుకోవాలి, పారితోషికంలో వాటా పోయినా సరే.

చూడటానికి వరస అడిగారు కాబట్టి: ముందు 'హరాకిరి', తర్వాత 'ఇకిరు', ఆ తర్వాత 'క్యాసిల్ ఆఫ్ శాండ్'. మూడోది మొదటి గంట నెమ్మదిగా నడుస్తుంది, రైళ్లూ ఊళ్లూ తప్ప ఏమీ జరగనట్టే ఉంటుంది, ఫోన్ పక్కన పెట్టి చూడండి. గవ్వ కథకి 2008 సినిమా కంటే ముందు 1959 నాటిది దొరికితే అది చూడండి, ఫ్రాంకీ సకాయి అందులోనూ ఉన్నారు. సరస్సు సినిమా చివరికి ఉంచుకోండి, స్నేహితులతో కలిసి చూస్తే బాగుంటుంది.